అప్పీలు వెనక్కి తీసుకున్నా హక్కు మిగలాలంటే

సివిల్ ప్రొసీజర్ కోడ్, 1908లో దావాను ఉపసంహరించుకోవడానికి ఆర్డర్ 23 ఉంది. అప్పీలు ఉపసంహరణకంటూ విడిగా ఆర్డర్ లేదు. దావా విచారించే కోర్టుకున్న అధికారాలే అప్పీలు కోర్టుకూ ఉంటాయని సెక్షన్ 107(2) చెబుతుంది కాబట్టి, ఆర్డర్ 23 సూత్రాలనే అప్పీళ్లకూ వర్తింపజేస్తారు. షరతేమీ లేకుండా అప్పీలు వెనక్కి తీసుకుంటానని అప్పీలుదారు చెబితే కోర్టు కాదనలేదని 1963లో బిజయానంద పట్నాయక్ ఎన్నికల కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. కాబట్టి వెనక్కి తీసుకోవడం తేలికే. ఆ తర్వాత వచ్చే ఉత్తర్వులను ప్రశ్నించే హక్కు చేతిలో మిగలడమే కష్టం. ఆ హక్కు మిగులుతుందా లేదా అన్నది రెండింటి మీద ఆధారపడి ఉంటుంది: అప్పీలు ఏ రకం ఉత్తర్వు మీద వేశారు, ఉపసంహరణ రోజున కోర్టు ఉత్తర్వులో ఏం రాసింది.

అప్పీలు ఉపసంహరించుకోగానే కింది కోర్టు డిక్రీ, లేదా ఉత్తర్వు, యథాతథంగా నిలబడుతుంది. అప్పీలులో తెచ్చుకున్న స్టే ఆ క్షణమే పోతుంది. డిక్రీ గెలిచినవారు మర్నాడే ఎగ్జిక్యూషన్ పిటిషన్ వేసుకోవచ్చు, ముందే వేసి ఉంటే ఆగిన చోటి నుంచి నడిపించుకోవచ్చు. చాలామంది కక్షిదారులు ఈ సంగతి మరిచిపోతారు. కోర్టు బయట పెద్దమనుషుల దగ్గర మాట కుదిరిందని మెమో దాఖలు చేసి ఊరికి వచ్చేస్తారు. పది రోజుల తర్వాత అమీనా గడప తొక్కినప్పుడు గానీ స్టే పోయిన సంగతి తెలియదు. ఉపసంహరణకు ముందు అవతలి పక్షం నుంచి రాతపూర్వక హామీ తీసుకుని కోర్టు రికార్డులో చేర్పించాలి. పెద్దమనుషుల మాటకు ఊళ్లో ఎంత గౌరవమున్నా, రికార్డుకెక్కని మాటను అమలు చేయించే దారి ఎగ్జిక్యూషన్ కోర్టులో ఉండదు.

ఉత్తర్వు రకాన్ని బట్టి ఫలితం ఎలా మారుతుందో చూడటానికి ఒక ఊహా ఉదాహరణ తీసుకుందాం. నెల్లూరు జిల్లా బోగోలు మండలం జువ్వలదిన్నెలో రొయ్యల చెరువు గట్టు మీద ఇద్దరు అన్నదమ్ములకు తగాదా వచ్చింది. తమ్ముడు కావలి కోర్టులో దావా వేసి, గట్టు తెగ్గొట్టకుండా తాత్కాలిక ఇంజంక్షన్ అడిగాడు. కోర్టు ఇవ్వలేదు. ఆర్డర్ 43 రూల్ 1(ఆర్) కింద అతను సివిల్ మిసిలేనియస్ అప్పీలు, అంటే సి.ఎం.ఏ., వేశాడు. అది వాయిదాల మీద వాయిదాలు పడుతుండగానే అసలు దావా సాక్ష్యాల దశకు వచ్చేసింది. ఇప్పుడు సి.ఎం.ఏ. మీద డబ్బూ కాలమూ పెట్టే కంటే దావా మీదే దృష్టి పెట్టడం మేలని వకీలు అన్నాడు. వెనక్కి తీసుకుంటే, రేపు దావా ఓడిపోతే అప్పీలుకు వెళ్లే హక్కు పోతుందా?

పోదు. మధ్యంతర ఉత్తర్వు మీద వేసిన అప్పీలు వేరు, తుది డిక్రీ మీద వేసే అప్పీలు వేరు. డిక్రీ మీద అప్పీలు హక్కు సెక్షన్ 96 నుంచి వస్తుంది. అంతేకాదు, దావా నడుస్తుండగా వచ్చిన ఉత్తర్వుల్లో తీర్పును ప్రభావితం చేసిన పొరపాటేదైనా ఉంటే, డిక్రీ మీద వేసే అప్పీలులో దాన్ని అభ్యంతరంగా చూపవచ్చని సెక్షన్ 105(1) చెబుతుంది. మధ్యలో వచ్చే ప్రతి ఉత్తర్వు మీదా అప్పటికప్పుడు పై కోర్టుకు పరుగెత్తనక్కర్లేదని, చివర్లో అన్నీ కలిపి అడగవచ్చని 1960లో కలకత్తా నుంచి వచ్చిన ఒక కౌలు కేసులో సుప్రీంకోర్టు వివరించింది.

అయితే ఆ సెక్షన్‌లోని 'తీర్పును ప్రభావితం చేసిన' అన్న షరతును పట్టించుకోవాలి. ఒక దస్తావేజును సాక్ష్యంగా తీసుకోలేదు, వాదపత్రం సవరణను ఒప్పుకోలేదు, సాక్షిని మళ్లీ పిలవనివ్వలేదు అంటే, అవి తీర్పును తాకే ఉత్తర్వులు. చివర్లో అడిగితే ఫలితం ఉంటుంది. తాత్కాలిక ఇంజంక్షన్ ఇవ్వకపోవడం అలాంటిది కాదు. దావా తేలేనాటికి గట్టు తెగిపోయి ఉంటే, ఆనాటి ఇంజంక్షన్ ఉత్తర్వు తప్పని పై కోర్టు ఒప్పుకున్నా గట్టు తిరిగి రాదు. కాబట్టి తమ్ముడు సి.ఎం.ఏ. వెనక్కి తీసుకునే ముందు రెండు పనులు చేయించుకోవాలి. దావా ముగిసేదాకా గట్టు ముట్టుకోనని అన్న చేత హామీ రికార్డు చేయించడం మొదటిది. దావాను ఫలానా గడువులోగా తేల్చాలని, ఇంజంక్షన్ ఉత్తర్వులో చేసిన వ్యాఖ్యల ప్రభావం తీర్పు మీద పడకూడదని కింది కోర్టుకు సూచించమని అప్పీలు కోర్టును కోరడం రెండోది. రెండూ దొరికితే సి.ఎం.ఏ. గెలిచినంత లాభం. ఏదీ దొరక్కపోతే, గట్టుకు నిజంగా ముప్పు ఉంటే, వెనక్కి తీసుకోకపోవడమే మంచిది.

తర్వాత వచ్చే ఉత్తర్వుల మాటకొస్తే, పరిస్థితులు మారినప్పుడు ఇంజంక్షన్ ఉత్తర్వును మార్చమనో రద్దు చేయమనో ఆర్డర్ 39 రూల్ 4 కింద అడగవచ్చు. ఉత్తర్వును ధిక్కరిస్తే రూల్ 2ఏ కింద పిటిషన్ వేయవచ్చు. ఈ రెండింటి మీద వచ్చే ఉత్తర్వులకూ ఆర్డర్ 43 కింద కొత్తగా అప్పీలు ఉంది. పాత సి.ఎం.ఏ. ఉపసంహరణ దానికి అడ్డు కాదు, ఎందుకంటే అది వేరే ఉత్తర్వు. కానీ కొత్త సంగతి ఏదీ లేకుండా పాత కారణాలతోనే రెండోసారి ఇంజంక్షన్ అడిగితే కోర్టు ఒప్పుకోదు. ఒకసారి తేలిన అంశాన్ని అదే దావా తర్వాతి దశలో తిరగదోడకూడదన్న నియమం పైన చెప్పిన 1960 తీర్పులోనే ఉంది.

ఇంతవరకు చెప్పింది ధైర్యమిచ్చే సగం. ఉపసంహరణ శాశ్వత నష్టం తెచ్చే సందర్భాలు కోడ్‌లోనే రెండు ఉన్నాయి.

ఒకటి రిమాండు. అప్పీలు కోర్టు కేసును తిరిగి విచారించమని కింది కోర్టుకు పంపితే, ఆ ఉత్తర్వు మీద అప్పీలుకు వీలున్నప్పుడు అప్పుడే వేయాలి. వేయకపోతే ఆ తర్వాత దాని మంచిచెడ్డలను ప్రశ్నించే వీలు లేదని సెక్షన్ 105(2) చెబుతుంది. సెక్షన్ 105(1) ఇచ్చిన వెసులుబాటు ఇక్కడ వర్తించదు. రిమాండు మీద వేసిన అప్పీలును వెనక్కి తీసుకుంటే అసలు వేయనట్టే. 'మళ్లీ విచారణ జరుగుతుందిగా, అక్కడే చూసుకుందాం' అనుకుని ఇలాంటి అప్పీలు వదిలేసినవారు, కింది కోర్టులో ఓడి మళ్లీ పైకి వెళ్లాక, రిమాండే తప్పు అని వాదించలేకపోతారు.

రెండోది ప్రాథమిక డిక్రీ. భాగపంపకాల దావాల్లో కోర్టు మొదట ఎవరి వాటా ఎంతో తేల్చి ప్రాథమిక డిక్రీ ఇస్తుంది. తర్వాత అడ్వకేట్ కమిషనర్ కొలతలు వేసి హద్దులు చూపాక తుది డిక్రీ వస్తుంది. ప్రాథమిక డిక్రీ మీద అప్పీలు వేయనివారు, తుది డిక్రీ మీద వేసే అప్పీలులో వాటాల లెక్కను తప్పుపట్టలేరని సెక్షన్ 97 చెబుతుంది. పల్లెల్లో ఎక్కువ నష్టం ఇక్కడే జరుగుతుంది. వాటా తక్కువ పడిందని అప్పీలు వేసిన ఆడపడుచు, అన్నదమ్ముల ఒత్తిడికి లొంగి, కొలతలప్పుడు మంచి చెక్క ఇస్తామన్న మాట నమ్మి వెనక్కి తీసుకుంటుంది. తుది డిక్రీ నాటికి మంచి చెక్కా రాదు, వాటా గురించి మాట్లాడే హక్కూ ఉండదు. ఆమెకు మిగిలేది కొలతల మీద, కేటాయింపు మీద అభ్యంతరం చెప్పుకోవడమే.

ఈ కఠిన నియమానికి ఒక పెద్ద వెసులుబాటు ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన కేసులోనే వచ్చింది. అందులో 1999లో ప్రాథమిక డిక్రీ అయింది. తుది డిక్రీ రాకముందే, 2005 సెప్టెంబరు 9న హిందూ వారసత్వ చట్ట సవరణ అమల్లోకి వచ్చి కూతుళ్లకు కొడుకులతో సమానంగా వాటా ఇచ్చింది. డిక్రీని ఆ ప్రకారం మార్చమని కూతుళ్లు అడిగితే కింది కోర్టు ఒప్పుకుంది, హైకోర్టు కాదంది. 2011లో సుప్రీంకోర్టు కూతుళ్ల పక్షాన నిలిచింది. తుది డిక్రీ అయ్యేవరకు దావా ముగిసినట్టు కాదని, మధ్యలో చట్టం మారినా కుటుంబంలో మరణాలు సంభవించినా వాటాలను తిరిగి లెక్కించవచ్చని చెప్పింది. కాబట్టి ప్రాథమిక డిక్రీ మీద అప్పీలు వదులుకున్నవారు కూడా, తుది డిక్రీ రాకముందు కొత్త పరిణామం ఏదైనా జరిగిందేమో వకీలును అడిగి తెలుసుకోవాలి. అలాంటిదేదీ లేనప్పుడు మాత్రం సెక్షన్ 97 అడ్డు తొలగదు.

హైకోర్టు రిట్లలో నియమం ఇంకో రకంగా ఉంటుంది. సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ సర్వీస్ కేసులో 1986 నవంబరులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు ప్రకారం, 226వ అధికరణ కింద వేసిన రిట్‌ను మళ్లీ వేసుకునే అనుమతి తీసుకోకుండా ఉపసంహరించుకుంటే, అదే విషయంపై మరో రిట్ వేయడానికి వీల్లేదు. కేసు గుణదోషాల మీద తేలలేదు కదా అన్న వాదన పనికిరాదు. ఇష్టం వచ్చినప్పుడు వేసి, బెంచి అనుకూలంగా లేదనిపిస్తే తీసేసి, మళ్లీ వేయడాన్ని ఆపాలన్న ప్రజాప్రయోజనమే దీనికి ఆధారమని కోర్టు చెప్పింది. దావా వంటి ఇతర మార్గాలు మూసుకుపోవు. వ్యక్తి స్వేచ్ఛకు సంబంధించిన హెబియస్ కార్పస్ వంటి వాటిని కూడా ఈ నియమం నుంచి కోర్టు పక్కన పెట్టింది.

కోస్తా గ్రామాలకు ఈ తీర్పుతో తరచూ పని పడుతుంది. తీరంలో ప్రభుత్వ ఉత్తర్వులు ఒక్కటిగా రావు: ముందు సంజాయిషీ నోటీసు, తర్వాత ఉత్తర్వు, ఆ తర్వాత కూల్చివేతో రిజిస్ట్రేషన్ రద్దో. కోస్తా ఆక్వాకల్చర్ అథారిటీ చట్టం, 2005 కింద నమోదైన చెరువు యజమానికి నోటీసు వచ్చిందనుకుందాం. భయపడి వెంటనే హైకోర్టులో రిట్ వేస్తాడు. నోటీసు దశలోనే ఎందుకు వచ్చారని, ముందు సమాధానం ఇచ్చుకోమని జడ్జి అంటారు. అప్పుడు వకీలు లేచి రిట్ వెనక్కి తీసుకుంటామంటారు. ఇక్కడ అనుమతి అడగవలసిన పద్ధతి ఇది: నోటీసుకు సమాధానం ఇచ్చుకోవడానికి, ఆ తర్వాత వచ్చే ఉత్తర్వు ప్రతికూలంగా ఉంటే దాన్ని చట్టప్రకారం ప్రశ్నించడానికి స్వేచ్ఛ ఇస్తూ ఉపసంహరణను అనుమతించాలి. నోటీసు తర్వాత వచ్చే రద్దు ఉత్తర్వు కొత్త వ్యాజ్య కారణమే అయినా, ఈ వాక్యం లేకపోతే అవతలి ప్రభుత్వ న్యాయవాది మొదటి అభ్యంతరంగా సర్గుజా తీర్పునే చదువుతారు. దానికి జవాబు చెప్పడానికే రెండు మూడు వాయిదాలు పోతాయి. ఈలోగా చెరువులో పంట పోవచ్చు. సమాధానం ఇవ్వడానికి గడువు, ఆ గడువులోగా చర్యలు తీసుకోకూడదన్న మాట కూడా అదే ఉత్తర్వులో చేర్పించుకోవాలి.

సుప్రీంకోర్టులో స్పెషల్ లీవ్ పిటిషన్ విషయంలో నియమం మరింత బిగువుగా ఉంది. 2025 సెప్టెంబరులో తీర్పు వచ్చిన ఫెడరల్ బ్యాంక్ కేసులో, మళ్లీ వచ్చే అనుమతి లేకుండా మొదటి పిటిషన్ వెనక్కి తీసుకున్న కక్షిదారు, హైకోర్టులో రివ్యూ వేసి ఓడి, రెండోసారి సుప్రీంకోర్టుకు వచ్చాడు. పాత ఉత్తర్వు మీద రెండో పిటిషన్ చెల్లదని కోర్టు తేల్చింది. రివ్యూను తోసిపుచ్చిన ఉత్తర్వు మీద విడిగా అప్పీలు ఆర్డర్ 47 రూల్ 7 ప్రకారం లేదని కూడా గుర్తు చేసింది. దీని నుంచి గ్రహించవలసింది చాలా నిర్దిష్టం. హైకోర్టులో రివ్యూ వేసుకోవడానికి అనుమతి వేరు, రివ్యూ పోతే మళ్లీ సుప్రీంకోర్టుకు రావడానికి అనుమతి వేరు. ఒకటి అడిగితే రెండోది దానంతటది రాదు. రెండూ విడివిడిగా అడగాలి, ఉత్తర్వులో రెండూ కనబడాలి.

వెనక్కి తీసుకోవడం కేవలం వేదిక మార్చుకోవడం కూడా కావచ్చు. కృష్ణా జలాల వివాదంలో తెలంగాణ చేసింది అదే. 2014 జులైలో ఆ రాష్ట్రం అంతర్రాష్ట్ర నదీ జల వివాదాల చట్టం, 1956లోని సెక్షన్ 3 కింద కేంద్రానికి ఫిర్యాదు చేసింది. కేంద్రం కదలకపోవడంతో 2015లో సుప్రీంకోర్టుకు వెళ్లింది. కేసు కోర్టులో ఉండటమే ట్రిబ్యునల్‌కు పంపడానికి అడ్డుగా మారింది. 2020 అక్టోబరు 6న జరిగిన అపెక్స్ కౌన్సిల్ సమావేశంలో కేసు వెనక్కి తీసుకోవడానికి తెలంగాణ ఒప్పుకుంది. 2021 అక్టోబరులో సుప్రీంకోర్టు అనుమతించింది. 2023 అక్టోబరులో కేంద్రం బ్రిజేష్ కుమార్ ట్రిబ్యునల్‌కు అదనపు విచారణాంశాలు అప్పగించింది. ఆ ఉత్తర్వును ఆంధ్రప్రదేశ్ సుప్రీంకోర్టులో సవాలు చేసింది. ఉపసంహరణతో తెలంగాణ డిమాండు చచ్చిపోలేదు, ఎందుకంటే సెక్షన్ 3 ఫిర్యాదు కేంద్రం దగ్గర సజీవంగానే ఉంది. ఆ ఉపసంహరణ తర్వాత పుట్టిన కొత్త ఉత్తర్వును ప్రశ్నించే దారి ఎదుటి రాష్ట్రానికీ మూసుకుపోలేదు. సామాన్య కక్షిదారు ఈ క్రమం నుంచి ఒకటి పట్టుకోవాలి: కోర్టులో కేసు తీసేసే ముందు, అదే డిమాండు మరో చోట రాతలో బతికి ఉందో లేదో చూసుకోవాలి.

ఇక మెమో సంగతి. 'అప్పీలు నొక్కి వాదించడం లేదు' అని ఒక్క వాక్యం రాసి సంతకం పెట్టడం కోర్టుల్లో మామూలే. అది ప్రమాదకరం. కింది కోర్టు ఉత్తర్వును అంగీకరించినట్టు అవతలి పక్షం తర్వాత వాదించడానికి అది దారి ఇస్తుంది. అప్పీలు ఎందుకు వెనక్కి తీసుకుంటున్నదీ కారణం రాయాలి. నిలుపుకోదలచిన హక్కులను పేరు పెట్టి చెప్పాలి. జువ్వలదిన్నె తమ్ముడి సి.ఎం.ఏ.లో అది ఇలా ఉండవచ్చు: దావా సాక్ష్యాల దశకు చేరినందున, దావాలో వెలువడే డిక్రీ మీద, ఇకముందు వచ్చే మధ్యంతర ఉత్తర్వుల మీద అప్పీలుదారుకు గల హక్కులకు, అభ్యంతరాలకు భంగం లేకుండా, ప్రస్తుత ఉత్తర్వు సరైనదని అంగీకరించకుండా, ఈ అప్పీలును ఉపసంహరించుకోవడానికి అనుమతి ఇవ్వాలి. అనుమతి ఇవ్వడానికి కోర్టు సుముఖంగా లేకపోతే మెమోను పక్కన పెట్టి అప్పీలును గుణదోషాల మీద విచారించాలన్న ప్రార్థన కూడా చేర్చడం తెలివైన పని. షరతుతో కోరినప్పుడు ఉపసంహరణ మాత్రం ఒప్పుకుని షరతును కొట్టేయడం సరికాదని హైకోర్టులు పలుమార్లు చెప్పాయి. అయినా ఆ వివాదం దాకా రానివ్వకుండా మెమోలోనే జాగ్రత్తపడటం మేలు.

దావానే వెనక్కి తీసుకుని కొత్తగా వేసుకుంటానని అప్పీలు దశలో అడగడం ఇంతకంటే బరువైన కోరిక. అది ఒప్పుకుంటే ఎదుటివారు గెలుచుకున్న డిక్రీ గాల్లో కలిసిపోతుంది. అందుకే ఆర్డర్ 23 రూల్ 1(3) ప్రకారం దావాలో సాంకేతిక లోపమో, మరే తగిన కారణమో చూపాలి. సాక్ష్యం చాలక ఓడిపోయాను, ఇంకోసారి అవకాశం ఇవ్వండి అంటే కోర్టులు ఒప్పుకోవు.

అనుమతి దొరికినా కాలపరిమితి ఆగదు. అనుమతితో వేసే కొత్త దావాకు, మొదటి దావా అసలు వేయనట్టుగానే లిమిటేషన్ లెక్క వేస్తారని ఆర్డర్ 23 రూల్ 2 చెబుతుంది. అధికార పరిధి లోపం వంటి కారణాలతో అనుమతి ఇచ్చినప్పుడు మాత్రం, పాత కోర్టులో గడిచిన కాలాన్ని లిమిటేషన్ చట్టం, 1963లోని సెక్షన్ 14 కింద మినహాయించుకోవచ్చు. డిక్రీ మీద అప్పీలుకు హైకోర్టులో 90 రోజులు, ఇతర కోర్టుల్లో 30 రోజులే గడువు. రెండేళ్లు నడిచిన అప్పీలును వెనక్కి తీసుకుంటే ఆ గడువు ఎప్పుడో దాటిపోయి ఉంటుంది. ఆలస్యాన్ని మన్నించమని సెక్షన్ 5 కింద అడగాలి, ప్రతి రోజుకూ నమ్మదగిన కారణం చెప్పాలి. కోర్టు ఇచ్చే స్వేచ్ఛ చట్టంలో లేని హక్కును పుట్టించదు, గడిచిన గడువును పొడిగించదు.

అప్పీలుదారులు పలువురున్నప్పుడు ఒకరు తప్పుకున్నా మిగతావారి అప్పీలు నిలుస్తుంది. అందరి తరఫునా వదులుకోవడానికి అందరి సమ్మతీ ఉండాలి. మైనరు తరఫున వేసిన అప్పీలును సంరక్షకులు కోర్టు అనుమతి లేకుండా తీసేయలేరు. ఎదుటివారు క్రాస్ ఆబ్జెక్షన్స్ వేసి ఉంటే, అసలు అప్పీలు పోయినా అవి బతికే ఉంటాయని ఆర్డర్ 41 రూల్ 22(4) చెబుతుంది. అప్పీలుదారు వెళ్లిపోతే వాటికి జవాబు చెప్పేవారుండరు, ఉన్న లాభం కూడా పోవచ్చు. రాజీ పద్ధతిలో ముగించేటప్పుడు ఇంకో జాగ్రత్త అవసరం. లోక్ అదాలత్ అవార్డు మీద అప్పీలు లేదు. రాజీ డిక్రీ మీద సెక్షన్ 96(3) ప్రకారం అప్పీలు లేదు, రాజీ చెల్లదంటూ విడిగా దావా వేయడానికీ ఆర్డర్ 23 రూల్ 3ఏ ఒప్పుకోదు. లోక్ అదాలత్‌లో తేలితే కట్టిన కోర్టు ఫీజు తిరిగి వస్తుంది, నిజమే. భవిష్యత్తు హక్కులు నిలుపుకోవాలనుకునేవారు మాత్రం ఆ షరతులన్నీ రాజీ పత్రంలోనే రాయించుకోవాలి.

మహిళలు, ఎస్సీ, ఎస్టీ వర్గాలవారు, తక్కువ ఆదాయం ఉన్నవారు న్యాయ సేవాధికార చట్టం, 1987లోని సెక్షన్ 12 కింద ఉచిత న్యాయ సహాయం పొందవచ్చు. 15100 నంబరుకు ఫోన్ చేసి అడగవచ్చు. మెమో మీద సంతకం పెట్టే ముందు దాన్ని తెలుగులో చదివి వినిపించమని కోరడానికి ఏ కక్షిదారూ సంకోచించకూడదు.

ఉపసంహరణ రోజున కోర్టు హాల్లో చెప్పిన మాట, తర్వాత టైపు అయి వచ్చే ఉత్తర్వు ఒక్కోసారి ఒకటిగా ఉండవు. 'ఉపసంహరించుకున్నందున కొట్టివేయడమైనది' అన్న ఒక్క వాక్యంతో ఉత్తర్వు వచ్చి, అడిగిన అనుమతి అందులో లేకపోవచ్చు. ఈ-కోర్టుల వెబ్‌సైట్‌లో కేసు సి.ఎన్.ఆర్. నంబరు కొట్టి ఉత్తర్వు అప్‌లోడ్ కాగానే చూసుకోవాలి, సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు చేయాలి. అనుమతి వాక్యం రాలిపోయి ఉంటే, మెమో ప్రతిని జతచేసి, ఆ బెంచి మారకముందే సవరణ కోరుతూ పిటిషన్ వేయాలి. రాతపొరపాట్లను, అనుకోకుండా జారిపోయిన మాటలను సరిదిద్దే అధికారం సెక్షన్ 152 కింద కోర్టుకు ఎప్పుడైనా ఉంది. అయితే అడగని అనుమతిని ఆ సెక్షన్ కింద తర్వాత చేర్చరు. అందుకే మెమోలో ఆ వాక్యం ముందే ఉండాలి.